నిజాం రాజధానిలో తెలుగు పత్రికలు

హైదరాబాదు సంస్థానంలో తెలుగు మాట్లాడేవారు జనాభాలో సగానికి దగ్గరగా ఉన్నా, రాజభాష తెలుగు కాదు. మొదట ఫారసీ, 1880ల నుంచి ఉర్దూ దర్బారు భాషలు. కచేరీ, న్యాయస్థానం, బడి వాటితోనే నడిచేవి. 1918లో ఏర్పడిన ఉస్మానియా విశ్వవిద్యాలయంలోనూ బోధన ఉర్దూలోనే సాగింది. పరాయి రాజధానిలో సొంత భాషలో పత్రిక నడుపుకోవడం ప్రపంచంలో ఇతర చోట్లా ఉన్నదే. రష్యా రాజధాని సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో 1727లో మొదలైన జర్మన్ పత్రికను అక్కడి శాస్త్ర అకాడమీయే తొలినాళ్లలో అచ్చువేసేది. అక్కడ జర్మన్లు కొద్దిమందే, అయినా వారికి ప్రభుత్వ అండ ఉంది. ఇక్కడ తెలుగువారు ఎందరో, అండ మాత్రం లేదు.

19వ శతాబ్దంలో సంస్థానపు తెలుగు పత్రికల గురించి చెప్పుకోదగినది తక్కువ. 1901 సెప్టెంబరు 1న హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం, 1904లో హనుమకొండలో రాజరాజ నరేంద్ర ఆంధ్రభాషా నిలయం ఏర్పడ్డాయి. మద్రాసు రాజ్యంలో అచ్చయిన కృష్ణాపత్రిక, ఆంధ్రపత్రిక వంటివి ఇలాంటి పఠన మందిరాలకు చేరేవి. 1913లో మహబూబ్‌నగర్ ప్రాంతం నుంచి బండారు శ్రీనివాసశర్మ ‘హితబోధిని’ వెలువరించారు.

1921 నవంబరులో హైదరాబాదులోని వివేకవర్ధిని పాఠశాలలో జరిగిన సంఘసంస్కరణ సభలో ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో మాట్లాడబోతే సభికులు గేలి చేశారు. ఆ అవమానం నుంచే ఆంధ్రజనసంఘం పుట్టింది. ఆ మరుసటి ఏడే రెండు వారపత్రికలు వచ్చాయి. అవి రాజధానిలో పుట్టినవి కావు. నల్లగొండ నుంచి షబ్నవీసు వెంకటరామ నరసింహారావు ‘నీలగిరి పత్రిక’ తెచ్చారు. ఓరుగల్లు జిల్లా ఇనుగుర్తి నుంచి ఒద్దిరాజు సీతారామచంద్రరావు, రాఘవరంగారావు సోదరులు 1922 ఆగస్టు 27న ‘తెనుగు పత్రిక’ మొదలుపెట్టారు. రాయడం, అక్షరాలు కూర్చడం, అచ్చువేయడం అన్నీ ఆ అన్నదమ్ములే చూసుకున్నారు. పట్నం సౌకర్యాలేవీ లేని పల్లెలో ముద్రణాలయం పెట్టి వారపత్రిక నడపడం మామూలు సాహసం కాదు.

రాజధాని నుంచి నిలకడగా వచ్చిన పత్రిక ‘గోలకొండ’. మొదటి సంచిక 1926 మే 10న వెలువడింది. వారానికి రెండుసార్లు వచ్చేది. సంపాదకుడు సురవరం ప్రతాపరెడ్డి (1896-1953) న్యాయశాస్త్రం చదివినవారు, సంస్కృతం, ఉర్దూ, ఫారసీ తెలిసినవారు, అప్పటికి రెడ్డి హాస్టలు బాధ్యతల్లో ఉన్నారు. నగర కొత్వాలు రాజా బహదూర్ వెంకటరామారెడ్డి తోడ్పాటు పత్రికకు దొరికింది. సంపాదకీయం రాసిన చేతితోనే సురవరం ప్రూఫులూ దిద్దేవారు. గ్రంథాలయాలు, స్త్రీ విద్య, పల్లె అధికారుల దౌర్జన్యం, వెట్టి, బహిరంగ సభలకు ముందస్తు అనుమతి తప్పనిసరి చేసిన గస్తీ నిషాన్ 53 ఆ పుటల్లో చర్చకు వచ్చాయి. రాజును నేరుగా దూషించకుండానే ఉద్యోగుల అన్యాయాన్ని బయటపెట్టే పద్ధతిని సురవరం అలవరచుకున్నారు. ఆ ఓర్పు వల్లే పత్రిక నిలిచింది. 1930లో జోగిపేటలో జరిగిన మొదటి ఆంధ్రమహాసభకు ఆయనే అధ్యక్షులు.

నిజాం రాష్ట్రంలో తెలుగు కవులు పూజ్యమని ముడుంబై వెంకటరాఘవాచార్యులు రాయగా, ప్రతాపరెడ్డి వాదానికి దిగలేదు. ఊరూరి నుంచి పద్యాలూ వివరాలూ సేకరించి 1934లో ‘గోలకొండ కవుల సంచిక’ అచ్చు వేశారు. అందులో 354 మంది కవులున్నారు. పత్రికా రంగంలో ఇంతకు మించిన సమాధానం అరుదు.

అప్పటికే 1927లో పసుమాముల నృసింహశర్మ ‘సుజాత’ మాసపత్రిక సాహిత్యానికి చోటిచ్చింది. 1940లలో ‘మీజాన్’ ఉర్దూ, ఇంగ్లీషు, తెలుగు మూడు భాషల్లో వచ్చింది. దాని తెలుగు సంచికకు నవలాకారుడు, చిత్రకారుడు అడవి బాపిరాజు సంపాదకులు. వరంగల్లులో పాములపర్తి సదాశివరావు, పి.వి. నరసింహారావు కలిసి ‘కాకతీయ పత్రిక’ నడిపారు. దేవులపల్లి రామానుజరావు ‘శోభ’ మాసపత్రికను తెచ్చారు. గోలకొండ పత్రిక 1947లో దినపత్రికగా మారింది. అదే కాలంలో ఉర్దూ దినపత్రిక ‘ఇమ్రోజ్’ సంపాదకుడు షోయబుల్లా ఖాన్ భారత యూనియన్‌లో విలీనాన్ని సమర్థించినందుకు 1948 ఆగస్టులో హత్యకు గురయ్యారు. నిజాం రాజ్యంలో కలం పట్టడం ఎంత ప్రమాదమో, దానికి ఏ భాషా మినహాయింపు కాదని ఆయన మరణం చెబుతుంది.

సంస్థానం విలీనమయ్యాక పత్రికలకు నిజాం కాలపు ఆంక్షలు తొలగాయి. 1956లో హైదరాబాదు ఆంధ్రప్రదేశ్ రాజధాని అయింది. 1975 డిసెంబరు 17న ‘ఈనాడు’ హైదరాబాదు సంచిక ప్రారంభమైంది.