చలువ వెనుక వేడి

తెల్లగా ఉతికి గంజిపెట్టిన నూలుబట్టను తెలుగువారు చలువబట్ట అంటారు. వేసవిలో కట్టుకుంటే ఒంటికి హాయిగా ఉంటుంది గనుక ఆ పేరు దానికి చక్కగా అమరింది. కాని ఆ చలువ పుట్టేది మాత్రం పొయ్యిమీద. బట్టలు ఉతకటానికి నీరు ఎంత వేడిగా ఉండాలి అన్న ప్రశ్నకు ఉష్ణమాపకం పుట్టకముందే ఒక జవాబు దొరికింది. దానిని కనిపెట్టినవారి పేర్లు ఏ పుస్తకంలోను లేవు.

శ్రీకాకుళం ఒకప్పుడు సన్నని మస్లిను బట్టలకు ప్రసిద్ధి. ఇంగ్లీషువారు ఈ ఊరిని 'చికాకోల్' అని వ్రాసేవారు. దగ్గరలోని పొందూరులో వాలుగ చేప దవడతో పత్తిని దువ్వి, చేతితో వడికి నేసే ఖద్దరు ఆ సన్ననేత పనికి నేటికీ మిగిలిన ఆనవాలు. అయితే ఎంత సన్నని బట్ట అయినా మగ్గం దిగినప్పుడు కోరాగానే ఉంటుంది. పత్తిపోగుకు పుట్టుకతోనే మైనంవంటి పలుచని పూత ఉంటుంది. నేతకోసం పెట్టిన గంజి దానిమీద మరొక పొర. అటువంటి గుడ్డపై నీటిచుక్క వేస్తే వెంటనే ఇంకదు. ఈ పొరలను విడిపించటం చన్నీళ్ళ వల్ల కాదు. ఆ పని రజకులది. నేతగానికి దక్కిన కీర్తిలో వారికి రావలసిన పాలు ఎన్నడూ రాలేదు.

నాగావళి, వంశధార, చంపావతి వంటి ఏళ్ళ ఒడ్డున, ఊరి చెరువుల గట్లమీద చాకిరేవులు ఉండేవి. బట్టలను మొదట చవుడు కలిపిన నీటిలో ముంచి పిండేవారు. పొయ్యిమీద బానలో నీళ్ళు పోసి, మూతిపైన ఆ తడి బట్టలను దొంతరగా పేర్చి, కప్పి, మంట పెట్టేవారు. ఆవిరి అడుగు దొంతర నుంచి పై దొంతరకు మెల్లగా ఎక్కేది. దీనికే ఉబ్బ అని పేరు. తరువాత బట్టలను రేవులో బండపై బాది, జాడించి, ఇసుకతిన్నెలపై ఎండలో పరిచేవారు.

ఇందులో మొదటి విశేషం చవుడు. నేల పైకి తెల్లగా తేలే ప్రతి పొరా చవుడు కాదు. నౌపడా ఉప్పుమడుల గట్లమీద తెల్లగా పేరుకునేది మామూలు ఉప్పు. అది ఉతుకుడుకు సాయం చేయకపోగా సబ్బు నురుగును చంపుతుంది. చాకలి వెదికేది సోడియం కార్బొనేటు ఉన్న మట్టి. దాని నీరు వేళ్ళమధ్య జారుడుగా తగులుతుంది. ఈ క్షారం నూనె జిడ్డుతో కలిసి కొంత సబ్బును తానే తయారు చేసుకుంటుంది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు షెవ్రోల్ 1811లో మొదలుపెట్టిన పరిశోధనల వల్లనే కొవ్వు, క్షారం కలిసి సబ్బు అయ్యే తీరు తేటపడింది. రేవులో మాత్రం ఆ పని అంతకు ఎంతో ముందే జరుగుతున్నది.

రెండవది ఆవిరి. రసాయన చర్య వేడితో వేగిరమవుతుంది. చాలా చర్యలకు 10 డిగ్రీల వేడి పెరిగితే వేగం ఇంచుమించు రెట్టింపు అవుతుందని స్థూలంగా చెబుతారు. అయితే వేడిని ఒకచోట నిలపటం ఎట్లా? నీరు మరిగిన తరువాత ఎంత మంట పెట్టినా ఆ వేడి నీటిని ఆవిరి చేయటానికే పోతుంది గాని ఉష్ణోగ్రత 100 డిగ్రీల సెంటిగ్రేడును దాదాపు దాటదు. మంట హెచ్చినా తగ్గినా బాన తన కొలతను తానే కాపాడుకుంటుందన్నమాట. బట్టను తాకి నీరయ్యే ప్రతి గ్రాము ఆవిరి దాచుకున్న 540 కేలరీలను గుడ్డకు అప్పగిస్తుంది. ఈ గుప్తోష్ణాన్ని స్కాట్లండులో జోసెఫ్ బ్లాక్ 1760 ప్రాంతంలో కొలిచి చూపాడు.

కట్టెల లెక్క కూడ చూడవచ్చు. 10 లీటర్ల నీటిని 30 డిగ్రీల నుంచి 100 డిగ్రీలకు తేవటానికి 700 కిలోకేలరీలు కావాలి. కిలో ఎండుకట్టెలో సుమారు 3,500 కిలోకేలరీలు ఉన్నా, ఆరుబయట పొయ్యి అందులో పదోవంతునే పాత్రకు అందిస్తుందనుకుంటే రెండు కిలోల కట్టె ఖర్చు. బట్టలన్నీ మునిగేటన్ని నీళ్ళు కాచాలంటే ఇంకెన్ని కట్టెలు కావాలి! ఉబ్బలో వేడెక్కవలసింది బాన అడుగున ఉన్న కొద్దిపాటి నీరు, గుడ్డలు పీల్చుకున్న తడి మాత్రమే. విద్యార్థులు తమ ఇంటి గంగాళంతో ఈ లెక్క వేసి చూడవచ్చు.

ఐరోపాలో నారబట్టను క్షారంలో ఉడికించి, పుల్లని మజ్జిగలో నానబెట్టి, పచ్చికపై నెలల తరబడి ఎండబెట్టేవారు. 1756లో ఎడింబరో వైద్యుడు ఫ్రాన్సిస్ హోమ్ మజ్జిగకు బదులు పలుచని గంధకామ్లం చాలునన్నాడు. 1785లో బెర్తొలే క్లోరిను వాయువుకు రంగును పోగొట్టే గుణం ఉన్నదని చూపాడు. 1799లో టెన్నెంటు దానిని పొడిగా మార్చాడు. ఎండ చేసే పని అంతటితో కార్ఖానాలోకి వెళ్ళింది.

అయితే అన్ని బట్టలూ ఉబ్బకు పోయేవి కావు. నూలు క్షారానికి, మరుగుకు తట్టుకుంటుంది. పట్టు, ఉన్ని మాంసకృత్తులు గనుక చెడిపోతాయి. పట్టుకు కుంకుడుకాయ పులుసు, గోరువెచ్చని నీరు చాలు. నెత్తుటి మరకను వేడినీటిలో వేస్తే కోడిగుడ్డు సొనవలె గడ్డకట్టి పోగును పట్టుకుంటుంది. దానికి చన్నీళ్ళే తగినవి. కనుక సరి అయిన వేడి అనేది నీటిలో లేదు, గుడ్డలోను మురికిలోను ఉన్నది.

1959లో జర్మనీలో హెర్బర్టు సిన్నరు అనే రసాయనజ్ఞుడు ఉతుకుడును నాలుగు భాగాలుగా విడదీశాడు: వేడి, కాలం, రసాయనం, బాదుడు. ఒకటి తగ్గితే మిగిలినవి ఆ లోటు పూడ్చాలి. ఆ సంవత్సరంలోనే మన దేశపు అంగళ్ళలో 'సర్ఫ్' పొడి కనిపించింది. ఇటువంటి పొడులు చప్పనీటిలోనే కాదు, సబ్బు విరిగిపోయే కఠినజలంలో కూడ పనిచేస్తాయి. తరువాత సూక్ష్మజీవుల నుంచి తీసిన ఎంజైములు వాటిలో చేరాయి. ఇవి గోరువెచ్చని నీటిలో చురుకుగా ఉండి, మరిగే నీటిలో నశిస్తాయి. వేడి చేసే పని రసాయనం నెత్తికెత్తుకున్నది. 1941లో ఇంగ్లండులో పుట్టిన పాలియెస్టరు పోగు వ్యాపించాక ఉబ్బకు పెట్టదగిన గుడ్డలే తగ్గిపోయాయి. మరుగులో ఆ గుడ్డకు పడిన ముడతలు ఒక పట్టాన పోవు. నేడు బట్టల అంచున కుట్టే చీటీలో నీళ్ళతొట్టి బొమ్మ లోపల 30, 40, 60 అని కనిపించే అంకెలు సెంటిగ్రేడు డిగ్రీలే.

కాని పొయ్యి ఆరినప్పుడు మురికితో సంబంధం లేని మరొక పని కూడ ఆగిపోయింది. 1881లో జర్మనీలో రాబర్టు కాకు, ఆయన సహచరులు సూక్ష్మజీవులను చంపటంలో పొడివేడికంటె ఆవిరి ఎంతో మేలని నిరూపించారు. 1909లో ట్యూనిసులో షార్ల్ నికోల్ టైఫస్ జ్వరాన్ని బట్టలలోని పేలు మోస్తాయని కనుగొన్నాడు. ఉబ్బకు వేసిన దుప్పటిలో పేను బ్రతకదు, కలరా క్రిమి బ్రతకదు. ఉతికించుకున్న ఇల్లు ఆ మేలు పొందేది. అపాయమంతా ఉబ్బకు ముందే, మూటవిప్పి గుడ్డలు ఏరే చాకలికి మిగిలేది. మశూచి ఉన్న కాలంలో రోగి పక్కబట్టలు ఉతికేవారికి ఆ జబ్బు సోకటం దేశదేశాలలో చూసినదే. వారికి ఇచ్చిన ఏడాది గింజలలో ఈ అపాయానికి వెల కట్టినవారు లేరు.

ముప్పై డిగ్రీల నీటిలో ఉతికిన చొక్కా కంటికి తెల్లగానే ఉంటుంది. అందులోని క్రిములన్నీ చచ్చాయని ఆ తెలుపు చెప్పదు. ఇంట్లో అంటుజబ్బు ఉన్నప్పుడు నూలు దుప్పట్లను, తువాళ్ళను 60 డిగ్రీలకు తగ్గకుండా కాచి ఉతికి, మంచి ఎండలో ఆరవేయటం అందుకే. వేడినీటితో ఉతికే ఆసుపత్రి బట్టలకు 71 డిగ్రీల వద్ద 25 నిమిషాలు అన్నది చాలాచోట్ల పాటించే కొలత. బాన మూతిమీద పేర్చిన దొంతరలో ఆవిరి నిండిన తరువాత ఉండే వేడి దీనికంటె ఎక్కువే.