టోర్గ్నీ సెగెర్‌స్టెడ్

టోర్గ్నీ సెగెర్‌స్టెడ్ (1876 నవంబర్ 1 – 1945 మార్చి 31) స్వీడన్‌కు చెందిన పత్రికా సంపాదకుడు, రచయిత, మతచరిత్ర పండితుడు. హిట్లర్ అధికారానికి వచ్చిన మొదటి వారం నుంచే నాజీయిజాన్ని బాహాటంగా ఎదిరించిన యూరప్ పాత్రికేయుల్లో ఆయనది ముందువరస.

కార్ల్‌స్టాడ్‌లో పుట్టారు. లుండ్ విశ్వవిద్యాలయంలో వేదాంతం చదివారు. బహుదేవతారాధన ఎలా మొదలైందో చర్చిస్తూ రాసిన సిద్ధాంత వ్యాసాన్ని 1903లో అక్కడి వేదాంత శాఖ తిరస్కరించింది. పట్టు వదలక 1913లో స్టాక్‌హోంలో మతచరిత్ర ఆచార్యులయ్యారు. 1917లో ఆ కొలువు వదిలి, గోటెబొర్గ్ నగరంలో 1832 నుంచి నడుస్తున్న ఉదారవాద దినపత్రిక ‘గోటెబొర్గ్స్ హాండెల్స్ ఓక్ షోఫార్ట్స్ టిడ్నింగ్’ పగ్గాలు చేపట్టారు. చనిపోయేదాకా దానికి ఆయనే సంపాదకుడు. ‘ఇ డాగ్’ (ఈ రోజు) శీర్షికతో ఆయన రాసిన చిన్న వ్యాఖ్యలు చురుక్కుమనేవి.

1933 జనవరి 30న హిట్లర్ జర్మనీ ఛాన్సలర్ అయ్యాడు. ఫిబ్రవరి 3 సంచికలోనే సెగెర్‌స్టెడ్ కలం ఝళిపించారు. లోకంలోని రాజకీయాలూ పత్రికలూ ఇలాంటి మనిషి గురించి తల బద్దలుకొట్టుకోవలసి రావడం క్షమించరానిదనీ, హిట్లర్ అనేవాడే ఒక అవమానమనీ రాశారు. నాజీ నాయకుడు గోరింగ్ నిరసన తెలుపుతూ టెలిగ్రాం పంపాడు. సెగెర్‌స్టెడ్ దాన్ని తన పత్రికలోనే అచ్చువేశారు.

1940 ఏప్రిల్‌లో జర్మనీ డెన్మార్క్, నార్వేలను ఆక్రమించింది. స్వీడన్ తటస్థంగా ఉంటూనే జర్మన్ సైనికులు తన రైళ్లలో నార్వేకు వెళ్లిరావడానికి ఒప్పుకుంది. దీన్ని సెగెర్‌స్టెడ్ తీవ్రంగా విమర్శించారు. రాజు ఐదవ గుస్తావ్ ఆయన్ను పిలిపించి, దేశం యుద్ధంలోకి లాగబడితే ఆ తప్పు ఆయనదేనని హెచ్చరించారు. ఆయన వెనక్కి తగ్గలేదు.

స్వీడన్‌లో 1812 నాటి పత్రికా చట్టంలో ఒక నిబంధన ఉండేది. దాని ప్రకారం విదేశంతో పొరపొచ్చాలు తెస్తుందనిపించిన సంచికను విచారణ లేకుండానే ప్రభుత్వం జప్తు చేయగలిగేది. న్యాయమంత్రి వెస్ట్‌మన్ దాన్ని పదేపదే ప్రయోగించారు. సెగెర్‌స్టెడ్ పత్రిక సంచికలు పలుమార్లు జప్తయ్యాయి. నార్వే జైళ్లలో ఖైదీలను చిత్రహింసలు పెడుతున్న సంగతి ప్రచురించినందుకు 1942 మార్చిలో ఒకేసారి 17 పత్రికలు జప్తయ్యాయి. వాటిలో సెగెర్‌స్టెడ్ పత్రికా ఉంది. చుట్టూ జర్మన్ సైన్యం ఉన్న చిన్న దేశం కాబట్టి ప్రభుత్వ భయం అకారణం కాదు. కానీ పొరుగువాడి హింసను దాచమనడం తటస్థత కాదు, అక్రమానికి సాయం. ఈ విషయంలో సెగెర్‌స్టెడ్ పక్షమే న్యాయమైనది.

డెన్మార్క్, నార్వేల విముక్తిని ఆయన చూడలేకపోయారు. హిట్లర్ చావుకు సరిగ్గా నెల ముందు కన్నుమూశారు. కూతురు ఇంగ్రిడ్ సెగెర్‌స్టెడ్ వీబెరి పాత్రికేయురాలిగా, పార్లమెంటు సభ్యురాలిగా శరణార్థుల కోసం పాటుపడ్డారు. ఆయన జీవితం ఆధారంగా యాన్ ట్రోయెల్ 2012లో సినిమా తీశారు. యుద్ధకాలపు జప్తుల అనుభవం నేపథ్యంలో స్వీడన్ 1949లో కొత్త పత్రికా స్వేచ్ఛా చట్టం తెచ్చుకుంది.