తామ్రశాసనమూ, ఉలవగింజా

మన దేశంలో చరిత్ర పేరిట చలామణి అవుతున్న ఊహల్లో మయుణ్ణి గూర్చినది వొకటి. ధర్మరాజుకు సభ కట్టి యిచ్చిన మయుడే మధ్య అమెరికాలోని మాయా ప్రజలకు మూలపురుషుడనీ, అక్కడి పిరమిడ్లు అతని శిల్పశాస్త్రం ప్రకారం లేచినవేననీ ఆ వాదం చెబుతుంది. మాయా మొదలైన అమెరికా నాగరికతలకు మూలం హిందూదేశమేనని చమన్‌లాల్ 1940లో ‘హిందూ అమెరికా’ అనే గ్రంథం రాశాడు. గ్రంథం పాతబడింది గాని వాదం పాతబడలేదు. ముద్దనూరులో నేను చరిత్ర చెప్పే తరగతిలో యేటా యెవరో వొక విద్యార్థి లేచి, “మయుడూ మాయావాళ్ళూ వొకటేనా సార్?” అని అడుగుతూనే వుంటాడు.

నవ్వి వూరుకుంటే అది జవాబు కాదు. పురాణాన్ని చరిత్ర అనుకోవడం యెంత పొరపాటో, పురాణంలో చరిత్ర బొత్తిగా లేదనుకోవడం కూడా అంత పొరపాటే. పురాణాన్ని యెవరు చెప్పారు, యెప్పుడు చెప్పారు, యే అవసరానికి చెప్పారు అనే మూడు ప్రశ్నలు వేసినప్పుడే అది చరిత్రకు సాక్ష్యం పలుకుతుంది. యీ మాట మాయా దేశానికీ చెల్లుతుంది, మన రేనాటి సీమకూ చెల్లుతుంది.

ముందుగా మయుడి సంగతి. ఇది కేవలం పేర్ల పోలిక మీద కట్టిన మేడ. మాయా భాషలు దాదాపు 30 వున్నాయి. వాటికి సంస్కృతంతో గాని ద్రావిడ భాషలతో గాని చుట్టరికం లేదు. ‘మాయా’ అన్నది యుకతాన్ ద్వీపకల్పంలోని మాయపాన్ నగరంతో ముడిపడిన పేరు. యీ వాదంలో పాండిత్యలోపం కంటె పెద్ద దోషం మరొకటి వుంది. 19వ శతాబ్దంలో ఐరోపావారు అడవుల్లో యీ నగరాలను చూసినప్పుడు, తమ తోటల్లో కూలి చేస్తున్న ఇండియన్ల తాతలు వీటిని కట్టారంటే వారిలో చాలామందికి నమ్మబుద్ధి కాలేదు. ఈజిప్టు వారు కట్టారన్నారు, తప్పిపోయిన యూదు తెగలన్నారు, మునిగిపోయిన అట్లాంటిస్ అన్నారు. ఆ దేశమంతా తిరిగి చూసిన జాన్ లాయిడ్ స్టీఫెన్స్ 1841లోనే, యివి ఆ నేల మనుషులు కట్టినవేనని తేల్చి చెప్పాడు. మన శిల్పంలో మంచిదల్లా గ్రీకుల భిక్షేనన్న పాశ్చాత్య పండితులను మనం నిరసించాం. మయుడి కథ చెప్పేటప్పుడు ఆ అవమానాన్నే మనం మరొక ప్రజకు చేస్తున్నాం. శ్రమ చేసిన చేతుల నుంచి వారి పనిని లాక్కొని దేవతలకో రాక్షసులకో అప్పగించడం యెక్కడ జరిగినా వొకటే.

ఆ ప్రజలు తమ సంగతి తామే రాసుకున్నారు. 1562లో మనీ పట్టణంలో దియేగో దె లాందా అనే క్రైస్తవ సన్యాసి వారి గ్రంథాలను కుప్పవేసి తగలబెట్టించాడు. నేడు మిగిలినవి 4 మాత్రమే. అయితే రాళ్ళ మీది రాత కాలలేదు. ఆ రాతకు తాళపుచెవి దొరికింది కూడా లాందా రాసిపెట్టుకున్న వివరాల్లోనే. అప్పటికి మాయా భూమిని కంటితో చూడని సోవియట్ పండితుడు యూరీ క్నొరోజోవ్ 1952లో ఆ వివరాల ఆధారంగా, యీ లిపిలో అక్షరధ్వనులు వున్నాయని నిరూపించాడు. ప్రచ్ఛన్నయుద్ధపు రోజులవి, ఎరిక్ థాంప్సన్ వంటి పెద్దలు ఆయన వాదాన్ని తోసిపుచ్చారు. మాయా శాసనాల్లో వున్నది కాలగణనమూ జ్యోతిషమూ మాత్రమేననీ, అది శాంతమూర్తులైన పూజారుల నాగరికత అనీ వారి నమ్మకం. 1960లో తాతియానా ప్రొస్కురియాకోవ్ పియెద్రాస్ నెగ్రాస్ శాసనాల తేదీలను వరుసబెట్టి చూసి, అవి రాజుల పుట్టుకలూ పట్టాభిషేకాలూ అని చూపించింది. తర్వాత తరం చదివిన రాళ్ళలో యుద్ధాలు వున్నాయి, బందీలు వున్నారు, బలులు వున్నాయి. వర్గసమాజపు లక్షణాలన్నీ వున్నాయి.

అక్కడి రాజులకు పురాణంతో యేమి పని పడింది? పాలెంకే నగరాన్ని 615 నుంచి 683 దాకా పాకాల్ యేలాడు. అతని కొడుకు కాన్ బహ్లామ్ 692లో ప్రతిష్ఠించిన ఆలయాల్లో, దాదాపు మూడు వేల సంవత్సరాల ముందు పుట్టారని చెప్పిన దేవతల జన్మతిథులను చెక్కించి, వాటి వరుసలోనే తన వంశాన్ని నిలబెట్టాడు. 2001లో గ్వాటెమాలాలోని సాన్ బార్తొలోలో సుమారు క్రీ. పూ. 100 నాటి కుడ్యచిత్రాలు బయటపడ్డాయి. వాటిలో మొక్కజొన్న దేవుని కథా, రాజు కిరీటధారణా పక్కపక్కనే వున్నాయి. ఇక మాయాలలో వొక శాఖ అయిన కిచె ప్రజల ‘పొపోల్ వూహ్’ పురాణం, దేవతలు మనిషిని మొదట మట్టితో చేసి విఫలమయ్యారనీ, తర్వాత కొయ్యతో చేసి విఫలమయ్యారనీ, చివరకు మొక్కజొన్న పిండితో చేస్తే మనిషి నిలిచాడనీ చెబుతుంది. యీ కథలో సేద్యగాడి అనుభవం వుంది: తిండే మనిషి. ఆ అనుభవాన్నే రాజు తన సొత్తు చేసుకొని, ‘ఆ మొక్కజొన్న దేవుణ్ణి నేనే’ అన్నాడు. వొకే పురాణానికి పొలంలో వొక అర్థం, రాజగృహంలో మరొక అర్థం.

రాజు మాట రాతి మీద నిలిచింది. సేద్యగాడి మాట యెక్కడ నిలుస్తుంది? ఎల్ సాల్వదోర్‌లోని హోయా దె సెరెన్ దీనికి జవాబు. క్రీ. శ. 7వ శతాబ్దంలో అగ్నిపర్వతం పేలి ఆ పల్లెను బూడిదలో కప్పివేసింది. 1976లో అనుకోకుండా అది బయటపడింది. తవ్వితే రాజూ లేడు, శాసనమూ లేదు. మట్టిగోడల యిళ్ళు, కుండల్లో చిక్కుడు జాతి గింజలు, యింటికప్పు నుంచి వేలాడదీసిన మిరపకాయలు, మొక్కజొన్న సాళ్ళు, కర్రపెండలం చేలు కనిపించాయి. పాలెంకే ఆలయాలను నిలబెట్టిన అన్నం యిటువంటి పల్లెల నుంచి వచ్చినదే.

యీ కొలబద్దతోనే మన యింటి చరిత్రను చూద్దాం. ముద్దనూరు నుంచి జమ్మలమడుగు మీదుగా, పెన్న దాటి ఉత్తరంగా పోతే పెద్దముడియం వస్తుంది. తూర్పు చాళుక్యుల శాసనాల్లోని ముదివేము అగ్రహారం యిదేనని చరిత్రకారులు గుర్తించారు. ఆ శాసనాల కథ యిది. చంద్రుని నుంచి పాండవుల మీదుగా వచ్చిన వంశంలో 59 మంది చక్రవర్తులు అయోధ్యను యేలారు. ఆ వంశంవాడైన విజయాదిత్యుడు దక్షిణాపథాన్ని జయించవచ్చి త్రిలోచన పల్లవునితో పోరులో చనిపోయాడు. గర్భవతియైన అతని రాణి ముదివేము చేరింది. విష్ణుభట్ట సోమయాజి ఆమెను కూతురిలా కాపాడాడు. అక్కడ పుట్టిన విష్ణువర్ధనుడు పెద్దవాడై చాళుక్యగిరి మీద గౌరినీ కుమారస్వామినీ నారాయణునీ కొలిచి, రాజచిహ్నాలు పొంది, సేతువు నుంచి నర్మద దాకా యేలాడు.

కథ రసవత్తరంగానే వుంది. ఇక మూడు ప్రశ్నలు వేద్దాం. యెప్పుడు చెప్పారు? వేంగి రాజ్యాన్ని స్థాపించిన కుబ్జ విష్ణువర్ధనుడు 7వ శతాబ్దివాడు. అతని నాటి శాసనాల్లో మానవ్యస గోత్రమూ, హారీతి సంతతీ, సప్తమాతృకల రక్షణా వున్నాయి గాని అయోధ్య లేదు, ముదివేము లేదు. యీ కథ విమలాదిత్యుని రణస్తిపూడి శాసనంలోనూ, రాజరాజ నరేంద్రుని కోరుమిల్లి శాసనంలోనూ కనిపిస్తుంది. అంటే 11వ శతాబ్దం. నాలుగు వందల యేళ్ళ తర్వాత.

యే అవసరానికి చెప్పారు? 973లో పెదకల్లు తెలుగు చోడుడైన జటాచోడ భీముడు దానార్ణవుణ్ణి చంపి వేంగిని ఆక్రమించుకున్నాడు. చాళుక్యులు 27 సంవత్సరాలు సింహాసనానికి దూరమయ్యారు. తంజావూరు చోళుల సైన్యం అండతోనే తిరిగి రాగలిగారు. విమలాదిత్యుడు రాజరాజ చోళుని కూతురు కుందవ్వను పెళ్ళాడాడు. రాజరాజ నరేంద్రుడు రాజేంద్ర చోళుని కూతురు అమ్మంగదేవిని పెళ్ళాడాడు. చోళులు తమది సూర్యవంశమని చెప్పుకునేవారు. సూర్యవంశం దయతో గద్దె యెక్కినవాడికి చంద్రవంశం అవసరమయింది. రాజ్యం పోగొట్టుకొని మళ్ళీ తెచ్చుకున్న కుటుంబానికి, తండ్రి చచ్చి దిక్కులేక పుట్టినవాడు చక్రవర్తి అయిన కథ అవసరమయింది. రాజరాజ నరేంద్రుడు పాండవులను తన పూర్వులుగా భావించి భారతం చెప్పమని నన్నయను కోరడం వెనుక కూడా యీ వంశావళే వుంది. మన ఆదికావ్యపు గొప్పతనం దీనివల్ల తగ్గదు. అది పుట్టిన నేల మాత్రం స్పష్టమవుతుంది.

యెవరికి మేలు చేసింది? రాజుకు వంశం యిచ్చింది. అగ్రహారానికి రాజవంశాన్ని కాపాడిన ప్రతిష్ఠ యిచ్చింది. రాణికి మహాదేవి అనే బిరుదు తప్ప పేరు కూడా లేదు. ఆమెకు పెట్టిన అన్నం పండించినవారి ప్రసక్తి అసలే లేదు.

యిటువంటి క్రమమే రేనాటి చోళుల్లోనూ చూడవచ్చు. ఎర్రగుంట్ల దగ్గర కలమళ్ళలోని ధనంజయుని శాసనం సుమారు 575 నాటిది. పూర్తిగా తెలుగులో దొరికిన తొలి శాసనంగా పేరుపొందింది. అందులో ఎరికల్ ముత్తురాజు రేనాడు యేలుతున్నాడనే వుంది గాని సూర్యచంద్రుల ఊసు లేదు. ఆ ధనంజయుని మనుమడు పుణ్యకుమారుని మాలెపాడు తామ్రశాసనం దగ్గరకు వచ్చేసరికి భాష సంస్కృతమయింది. వంశం సూర్యుని నుంచి, కావేరికి కట్ట వేసిన కరికాలుని నుంచి దిగింది. రాజ్యం స్థిరపడేకొద్దీ తాతలు పెరిగారు.

మరి పెద్దముడియం మట్టి యేమి చెబుతుంది? ఆ వూళ్ళో కొత్తరాతి యుగపు జనావాసం వుంది. పి. సి. వెంకటసుబ్బయ్య పెన్న పరీవాహక ప్రాంతంలోని యిటువంటి స్థలాలను శ్రమించి పరిశోధించాడు. డోరియన్ ఫుల్లర్, రవి కొరిశెట్టర్, మార్టిన్ జోన్స్‌తో కలిసి ఆయన 2004లో ప్రచురించిన పరిశీలనలో పెద్దముడియమూ, కడప జిల్లాలోని హనుమంతరావుపేటా కూడా వున్నాయి. పద్ధతి తేలికైనదే. తవ్విన మన్నును నీళ్ళలో కలిపితే యెప్పుడో పొయ్యిలో కాలి బొగ్గైన గింజలు పైకి తేలుతాయి. వాటిని సూక్ష్మదర్శినితో చూస్తారు. దక్షిణాదిలో అలా పరిశీలించిన స్థలాలన్నిటినీ కలిపి చూస్తే, సుమారు నాలుగు వేల యేళ్ళ కిందటి తిండి బయటపడింది: ఉలవలు, పెసలు, అండుకొర్రలు, కొర్రజాతి గడ్డిగింజలు. యివి దక్కన్ ప్రజలు తమంతట తాము అడవి మొక్కల నుంచి సాగులోకి తెచ్చుకున్న పంటలని ఆ పరిశోధకులు వాదించారు. గోధుమా యవలూ ఉత్తరాన్నుంచి వచ్చాయి. జొన్నా సజ్జా రాగీ ఆఫ్రికా నుంచి వచ్చి చేరాయి. అయోధ్య నుంచి రాజకుమారుడు రావడానికి వేల యేళ్ళు ముందే యీ నేల మీద కాపు కాసినవారు వున్నారన్నమాట. వారికి వంశావళి లేదు. వారు వదిలిపోయినది ఉలవగింజ.

అంతమాత్రాన ముదివేము కథను పారవేయమని నేను అనను. బాదామి చాళుక్యులకూ కంచి పల్లవులకూ మధ్య నలిగిన సరిహద్దు సీమ రేనాడు. వేంగి ఆస్థానం తన మూలపురుషుణ్ణి తెచ్చి యీ సరిహద్దులో, పల్లవునితో యుద్ధం మధ్య పుట్టించడంలో ఆ పాత పోరాటాల జ్ఞాపకం మిగిలివుండవచ్చు. పురాణంలోని కట్టుకథను విడదీసి దాని కింది సామాజిక వాస్తవాన్ని వెలికితీయడం యెట్లాగో డి. డి. కోశాంబి 1962లోనే ‘మిథ్ అండ్ రియాలిటీ’ గ్రంథంలో చేసి చూపాడు. ఆయన గ్రంథాలు చదివి, కాలినడకన పల్లెలు తిరిగి యీ పని చేయవలసింది మనమే.

మాయా ప్రజలతో మనకు చుట్టరికం లేదా అంటే, వుంది. అది మయుడి ద్వారా వచ్చింది కాదు. మన సంగటిలోకి నంజుకునే కారంలోని మిరప, మొక్కజొన్న, ప్రొద్దుటూరు చుట్టుపక్కల చేలలో యెదిగిన అమెరికన్ పత్తి, యివన్నీ మాయాలూ వారి యిరుగుపొరుగు జాతులూ అడవి నుంచి సాగులోకి తెచ్చినవే. 1492 తర్వాత ఓడల మీద అవి మనకు చేరాయి. సేద్యగాడు సేద్యగాడికి యిచ్చిన కానుక యిది. మాయాలు అంతరించిన జాతి కూడా కారు. గ్వాటెమాలాలోనూ మెక్సికోలోనూ లక్షలాదిగా బతికి వున్నారు. గ్వాటెమాలా అంతర్యుద్ధంలో, 1960కీ 1996కీ మధ్య, రెండు లక్షల మందికి పైగా చనిపోవడమో మాయమవడమో జరిగిందని సత్యశోధన సంఘం 1999లో అంచనా కట్టింది; గుర్తించగలిగిన బాధితుల్లో 83 శాతం మాయా ప్రజలే. వారి తాతల నగరాలను మయుడికి దానం చేసేవారు యీ లెక్కను గుర్తుంచుకోవాలి.

మన పల్లెల్లో పాటిదిబ్బల మన్ను పొలానికి బలమని బండ్లతో తోలేవారు. యిప్పుడు ట్రాక్టర్లతో తోలుతున్నారు. రైతు అవసరం రైతుది, అతణ్ణి తప్పుపట్టలేం. కాని ఆ మన్నుతోపాటు పోతున్నది అతని తాతల చరిత్రే. తామ్రశాసనాలను ప్రదర్శనశాలలు కాపాడుతున్నాయి. ఉలవగింజకు అటువంటి కాపలా లేదు. దిబ్బ మన్ను కదలక ముందే పాఠశాల పిల్లలను అక్కడికి తీసుకుపోయి, ఆ పెంకులేమిటో ఆ బూడిద యేమిటో చూపించి, వూరివారితో కూర్చొని దాని విలువ చెప్పడం ఉపాధ్యాయులుగా మనం చేయగల పని. రాజుల తాతలెవరో రాజులే రాయించుకున్నారు. పండించినవారి తాతలెవరో మనం తవ్వి తెలుసుకోవలసి వుంది.