కాపలా కాసిన కట్టుబడులు

పెనుకొండ కథ చెప్పేటప్పుడు మనం 1565 తర్వాత తిరుమలరాయలు రాజధానిని ఇక్కడికి తెచ్చిన ఘట్టం దగ్గరే ఆగిపోతాం. రాజులు చంద్రగిరికి వెళ్లిపోయాక ఈ సీమను కాసిన కట్టుబడి బంట్రోతుల గురించి ఎవరూ అడగరు. వాళ్ల జీతం చేతికొచ్చే డబ్బు కాదు, నాలుగు చెక్కల మాన్యం. పాలెగాడు పిలిస్తే బల్లెం పట్టాలి, మిగతా రోజుల్లో దారులు, పొలాలు కాయాలి. హిందూపురం వైపు సాగే బండిదారైనా, ధర్మవరం చెరువు కింది పంటైనా కావలి మనిషి లేకుండా నిలిచేవి కావు. 1953లో కొరియాకు, 1960లో కాంగోకు శాంతిరక్షకులుగా వెళ్లిన మన సైనికులకు ఇల్లు దూరమన్నదే పెద్ద బాధ. కట్టుబడి బాధ దీనికి తలకిందులు. తను పుట్టిన ఊళ్లోనే కాపలా కాయాలి. అతను పట్టుకునే దొంగ చిన్ననాటి నుంచి ఎరిగినవాడై ఉంటాడు. కరువు ఏడాదిలో ఆ దొంగ ఇంట్లో పొయ్యి రాజెయ్యలేదని కూడా అతనికి తెలుసు. ఈ నలుగుబాటును ఏ దస్తావేజూ రాసుకోదు. కానీ ఆ ఉద్యోగం తీరే అలాంటిది.

1800లో నిజాం ఈ ప్రాంతాన్ని కంపెనీకి అప్పగించాడు. అనంతపురంలో మకాం పెట్టిన థామస్ మన్రో 1807 దాకా దత్తమండలాల కలెక్టరుగా ఉండి, జనరల్ క్యాంప్‌బెల్ సేనల అండతో సుమారు 80 మంది పాలెగాళ్లను అణచాడు. కట్టుబడులే దోపిడీదారులు కదా, వాళ్లకు శాంతిరక్షకులన్న పేరెలా తగులుతుందని అడగవచ్చు. దోచినవాళ్లు ఉన్నారు, కాదనను. అయితే మాన్యం చేతిలో ఉన్నప్పుడు కాచినవాడే, అది పోయినప్పుడు దోచాడు. తప్పు మనిషిలో కన్నా, కాపలా పని కావాలి గానీ కాపలాదారు తిండి మాకు పట్టదన్న పాలనలో ఎక్కువ ఉంది. 1816 చట్టం గ్రామ కావలిని రెడ్డికి, తలారికి ఒప్పగించింది. పాత బంట్రోతుకు మిగిలింది మాన్యం ఒక్కటే. దాన్నీ సర్కారు లాక్కోవడం మొదలుపెట్టాక, 1846లో కోయిలకుంట్ల ప్రాంతంలో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి లేచినప్పుడు ఆయన వెంట నడిచినవాళ్లలో కట్టుబడులు ఉన్నారు. అది పాలెగాడి పింఛను గొడవ మాత్రమే అనేవాళ్లు ఈ సంగతిని వదిలేస్తున్నారు. నాయకుడికి పింఛను గొడవ ఉండవచ్చు, వెనుక నడిచినవాళ్లకు కూడు గొడవ. 1847 ఫిబ్రవరి 22న రెడ్డిని ఉరితీశారు. ఆయన తల 1877 దాకా కోయిలకుంట్ల కోటకు వేలాడింది. ఆయన పేరు పుస్తకాలకెక్కింది. కట్టుబడుల కథను కూడా మన జిల్లా చరిత్రల్లో చేర్చాలి.