హగోపియన్, జె. మైఖేల్ (1913–2010)

జె. మైఖేల్ హగోపియన్ ఆర్మేనియన్ సంతతికి చెందిన అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు. 1915లో ఆటోమన్ సామ్రాజ్యంలో మొదలైన నరమేధం నుంచి బయటపడి దేశదేశాలకు చెదిరిపోయిన ఆర్మేనియన్ల జ్ఞాపకాలను, వారు బతికి ఉండగానే వారి నోటితోనే చెప్పించి ఫిల్ముపై భద్రపరచడం ఆయన జీవితకాల కృషి.

హగోపియన్ తూర్పు అనటోలియాలోని ఖర్పెర్ట్‌లో పుట్టారు. 1915లో ప్రభుత్వం ఆర్మేనియన్లను ఊళ్ల నుంచి వెళ్లగొట్టి సిరియా ఎడారి వైపు నడిపించినప్పుడు ఆయన రెండేళ్లైనా నిండని పసివాడు. ఇంట్లోవాళ్లు మల్బరీ పొద కింద దాచి కాపాడుకున్నారు. కుటుంబం అమెరికా చేరి, ఆర్మేనియన్ వలసదారులు ద్రాక్షతోటల సాగుతో స్థిరపడిన కాలిఫోర్నియాలోని ఫ్రెస్నోలో ఉండగా ఆయన అక్కడే పెరిగారు. తర్వాత హార్వర్డ్ విశ్వవిద్యాలయంలో అంతర్జాతీయ సంబంధాలలో డాక్టరేట్ పొందారు.

నరమేధానికి యాభై ఏళ్లు నిండిన 1965లో, ప్రవాస ఆర్మేనియన్లు దశాబ్దాల మౌనం వీడి బహిరంగంగా స్మరణ సభలు జరపడం మొదలైన రోజుల్లో, ఆయన ‘వేర్ ఆర్ మై పీపుల్?’ చిత్రాన్ని నిర్మించారు. 1975లో వచ్చిన ‘ది ఫర్గాటెన్ జెనోసైడ్’ ఎమ్మీ పురస్కారానికి ప్రతిపాదనలు పొందింది. ‘స్ట్రేంజర్స్ ఇన్ ఎ ప్రామిస్డ్ లాండ్’ (1984) మాత్రం మృతుల గురించి కాక, ఫ్రెస్నోలో వివక్షను ఎదుర్కొంటూ కొత్త జీవితం కట్టుకున్నవారి గురించి చెబుతుంది. ప్రవాసుల అస్తిత్వాన్ని కేవలం దుఃఖానికి కుదించకపోవడం ఆయన దృష్టిలోని విశాలతకు నిదర్శనం.

1915లో పదేళ్ల పిల్లలుగా ఉన్నవారు 1975 నాటికి డెబ్బై ఏళ్ల వృద్ధులు; జరిగినది నరమేధమని తుర్కియే ప్రభుత్వం అంగీకరించని స్థితిలో వారి మరణంతో సాక్ష్యమూ పోతుందన్న ఆందోళనే ఆయనను తొందరపెట్టింది. 1979లో ఆర్మేనియన్ ఫిల్మ్ ఫౌండేషన్‌ను స్థాపించి, అనేక దేశాలు తిరిగి, బాధితులతో పాటు ఆ ఘటనలను చూసిన అరబ్బులు, గ్రీకులు, క్రైస్తవ మిషనరీలు సహా సుమారు 400 మందిని చిత్రీకరించారు. ఆయన వాడింది 16 మిల్లీమీటర్ల ఫిల్ము. 400 అడుగుల చుట్ట పదకొండు నిమిషాలకే అయిపోతుంది కాబట్టి, తర్వాతి వీడియో కాలపు సాక్ష్యాలలా అవి గంటల కొద్దీ సాగక క్లుప్తంగా, సూటిగా ఉంటాయి.

ఈ సాక్ష్యాల ఆధారంగా ఆయన చివరి దశలో మూడు చిత్రాలు వెలువరించారు. ‘వాయిసెస్ ఫ్రమ్ ది లేక్’ (2000) ఆయన జన్మస్థలమైన ఖర్పెర్ట్ ప్రాంతపు హత్యాకాండను, ‘జర్మనీ అండ్ ది సీక్రెట్ జెనోసైడ్’ (2003) ఆటోమన్లకు యుద్ధ మిత్రదేశమైన జర్మనీ పాత్రను, ‘ది రివర్ రాన్ రెడ్’ (2008) యూఫ్రటీస్ నది వెంబడి సాగిన మరణయాత్రను వివరిస్తాయి. చరిత్రకారులకు ఈ చిత్రాలకన్నా, వాటిలో చోటు దొరకని పూర్తి ముఖాముఖీల విలువే ఎక్కువ. యూదుల నరమేధ సాక్ష్యాలను సేకరించేందుకు స్టీవెన్ స్పీల్‌బర్గ్ 1994లో నెలకొల్పిన షోవా ఫౌండేషన్‌తో ఆయన సంస్థ 2010లో ఒప్పందం కుదుర్చుకుంది. హగోపియన్ అదే ఏడాది డిసెంబరులో మరణించారు. డిజిటల్ రూపంలోకి మార్చిన ఆ సాక్ష్యాలలో తొలి విడత, నరమేధానికి నూరేళ్లు నిండిన 2015లో పరిశోధకులకు అందుబాటులోకి వచ్చింది.