శంపాలతను ఊహించినదెవరు?

పోర్ట్ బ్లెయిర్‌లో తరగతి గదిలో మేము ‘మాలపిల్ల’ చిత్రాన్ని గురించి చెబుతుండగా, శ్రీకాకుళం తీరం నుంచి వలస వచ్చిన కుటుంబానికి చెందిన ఒక విద్యార్థిని “ఆ కథ మనవాళ్ళు రాసిందేనా సార్?” అని అడిగింది. చరిత్ర బోధించే మాకు అంత సూటి ప్రశ్న అరుదుగా ఎదురవుతుంది.

1938లో సారథి ఫిలిమ్స్ పక్షాన గూడవల్లి రామబ్రహ్మం గారు ఆ చిత్రాన్ని తీశారు. కథ చలం గారిది, మాటలు తాపీ ధర్మారావు గారివి, పెట్టుబడి చల్లపల్లి రాజా వారిది. తెరను పురాణగాథలే ఏలుతున్న రోజులలో అంటరానితనాన్ని కథావస్తువు చేయడం సాహసమే. దానిని తక్కువ చేయడం మా ఉద్దేశం కాదు. నాయిక శంపాలతగా కాంచనమాల గారు ఆంధ్రదేశమంతటా పేరు పొందారు. పల్లెపిల్లగా మొదలై కలకత్తాలో చదువు నేర్చిన యువతిగా మారే ఆ పాత్రలో ఆమె నిలకడ నేటికీ ప్రశంసనీయం. 1942 నాటి ‘బాలనాగమ్మ’ తరువాత ఆమె దాదాపు తెరమరుగయ్యారు. అది వేరొక విషాదం.

అయితే శంపాలతను ఊహించినవారు, ఆమె చేత మాట్లాడించినవారు, ఆమెపై ధనం వెచ్చించినవారు, అందరూ ఊరిలోనివారే. పల్లె నుంచి కలం పట్టినవారు ఆ జాబితాలో లేరు. అందుకే కథ గుడి వాకిట ముగుస్తుంది. మాలపల్లె మనిషి ఒకరు శాస్త్రి గారి భార్యను మంటలలోనుంచి కాపాడిన తరువాతనే ఆయన మనసు కరుగుతుంది, తలుపులు తెరుచుకుంటాయి. మానవులుగా గుర్తింపు పొందడానికి ముందుగా ప్రాణం పణంగా పెట్టి అర్హత నిరూపించుకోవాలా? అంతకు మూడేళ్ళ ముందే, 1935 అక్టోబర్‌లో, బాబాసాహెబ్ యేవలాలో తాను హిందువుగా మరణించబోనని ప్రకటించి ఉన్నారు. గుడి తలుపు వైపు చూస్తూ నిలబడిన చిత్రానికి ఆ మాట వినబడలేదు.

ఈ చిక్కు మనదేశానికే పరిమితం కాదు. సైబీరియాలో బైకాల్ సరస్సు పరిసరాలలోని బురియాతులలో అనేకులు మనవలె తథాగతుని అనుయాయులు. 1928లో పుడోవ్కిన్ ‘స్టార్మ్ ఓవర్ ఏషియా’ను అక్కడ చిత్రీకరించినపుడు బురియాత్ వంశీయుడైన వాలెరీ ఇంకిజినోవ్ కథానాయకుడయ్యాడు, లామాలు తమ ముసుగు నృత్యాన్ని కెమెరా ఎదుట ప్రదర్శించారు. ముఖాలు వారివి, కథ మాత్రం మాస్కోది. కొద్ది ఏళ్ళకే సోవియట్ ప్రభుత్వం అక్కడి ఆరామాలను మూసివేసింది.

మరి ముఖమైనా మనది అయినపుడు ఏమి జరిగింది? మలయాళంలో తొలి మూకీ చిత్రం ‘విగతకుమారన్’లో పి.కె. రోజీ అనే దళిత స్త్రీ నాయర్ యువతిగా నటించింది. తిరువనంతపురంలో ప్రదర్శన నాడు అగ్రవర్ణ ప్రేక్షకులు తిరగబడ్డారు. ఆమె ఊరు విడిచి తమిళ ప్రాంతానికి వెళ్ళిపోయి అజ్ఞాతంగా బ్రతికింది. శంపాలత వేషానికి చప్పట్లు కొట్టిన కాలం, నాయర్ పడుచు వేషం వేసిన రోజీని క్షమించని కాలం, రెండూ ఇంచుమించు ఒక్కటే.

మా విద్యార్థిని మరునాడు వచ్చి రోజీ చిత్రాన్ని చూడాలని ఉందన్నది. దాని ప్రతి ఒక్కటి కూడా మిగలలేదని చెప్పాము.