ఎయిడెడ్ బడి సిబ్బంది: నియామకానికీ ఆమోదానికీ నడుమ

శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాల ఆధునిక విద్యకు సంస్థానాధీశులూ క్రైస్తవ మిషన్లూ పునాది వేశారు. విజయనగరంలో 1857లో మొదలైన మహారాజా వారి పాఠశాల 1879 నాటికి కళాశాలగా ఎదిగింది. బొబ్బిలి సంస్థానం ఉన్నత పాఠశాలను నడిపింది. విజయనగరం కళాశాలలో పాఠం చెప్పిన గురజాడ అప్పారావునూ, పర్లాకిమిడి రాజా వారి బడిలో బోధించిన గిడుగు రామమూర్తినీ చరిత్ర తలచుకుంటుంది గానీ, అలాంటి బడులలో గంట కొట్టినవారిని, గదులు ఊడ్చినవారిని, రాత్రి కాపలా కాసినవారిని, హాజరు పట్టీలు భద్రపరచినవారిని అది పెద్దగా నమోదు చేయలేదు.

ఈ బోధనేతర సిబ్బంది కష్టాల మూలం గ్రాంటు విధానంలో ఉంది. 1854 నాటి ఉడ్ నివేదిక ప్రైవేటు బడులకు ప్రభుత్వం ధనసహాయం చేయవచ్చునని సిఫారసు చేయగా, మద్రాసు ప్రెసిడెన్సీలో ఆ సహాయం బడుల తనిఖీతో ముడిపడి అమలయింది. గ్రాంటు పొందే ఇలాంటి బడినే ఎయిడెడ్ బడి అంటారు. అక్కడ ఉద్యోగిని నియమించేది యాజమాన్యం, జీతం భరించేది ప్రభుత్వం. ఈ ఇద్దరి నడుమ వంతెనగా ఏర్పడినదే ‘ఆమోదం’, అంటే ఆ నియామకం నిబంధనల ప్రకారం జరిగిందని విద్యాశాఖ అధికారి ఇచ్చే ధ్రువీకరణ.

స్వాతంత్ర్యానంతరం విజయనగరం రాజవంశీకుడు పి.వి.జి. రాజు 1958లో మాన్సాస్ ట్రస్టును నెలకొల్పి విజయనగరం విద్యాసంస్థలకు కొత్త పాలనా రూపం ఇచ్చారు. 1982 నాటి ఆంధ్రప్రదేశ్ విద్యాచట్టం, దాని కింద వచ్చిన 1993 నియమావళి ప్రైవేటు బడులన్నిటికీ ఒకే దారి చూపాయి. మంజూరైన పోస్టు ఖాళీ అయినప్పుడు యాజమాన్యం భర్తీకి అనుమతి పొంది, ఎంపిక జరిపి, ప్రతిపాదనలను అధికారికి పంపాలి. ఆమోదం వచ్చేదాకా గ్రాంటు నుంచి జీతం రాదు. ఇంక్రిమెంటూ సర్వీసు లెక్కా ఖాయం కావు.

1980ల చివరి నుంచే ఈ దారి ఇరుకవుతూ వచ్చింది. 1985 మార్చి 1 తరువాత నెలకొన్న సంస్థలకు గ్రాంటు అర్హత లేదని 1988 చట్టం తేల్చింది. 1994 నాటి 2వ నంబరు చట్టం ప్రభుత్వ ధనంతో నడిచే కొలువులలో అడ్డదారి నియామకాలను నిషేధించింది. 2004 అక్టోబరులో ఎయిడెడ్ ఖాళీల భర్తీపై నిషేధం వచ్చింది. 2006 నాటి ఉమాదేవి తీర్పులో సుప్రీంకోర్టు, నియమాలకు విరుద్ధంగా చేరినవారికి క్రమబద్ధీకరణ హక్కు ఉండదని స్పష్టం చేసింది. అయితే అడ్డదారిన చేరిన వ్యక్తి వేరు, మంజూరైన పోస్టులో అనుమతితో చేరి ఫైలు కదలక మిగిలిపోయిన వ్యక్తి వేరు. ఈ తేడాను తేల్చవలసిన కార్యాలయాలు మౌనంగా ఉన్నప్పుడే వ్యాజ్యం పుడుతుంది.

ఎయిడెడ్ ఉద్యోగి నేరుగా ప్రభుత్వోద్యోగి కాడు గనుక, రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేయడమే అతనికి ప్రధాన మార్గం. ఈ ప్రాంతవాసుల హైకోర్టు 1954 దాకా మద్రాసులో, తరువాత గుంటూరులో, 1956 నుంచి హైదరాబాదులో ఉండి, 2019లో అమరావతికి చేరింది. ఇచ్ఛాపురం అటెండరుకు అది నేటికీ 500 కిలోమీటర్లకు పైబడిన ప్రయాణమే. ఇలాంటి వ్యాజ్యాలలో న్యాయస్థానం సాధారణంగా తానే ఆమోదం ఇవ్వదు. ప్రతిపాదనను నిర్ణీత గడువులోగా పరిశీలించి, కారణాలతో ఉత్తర్వు ఇవ్వమని అధికారిని ఆదేశిస్తుంది, కారణం చూపని తిరస్కరణను రద్దు చేసి పునఃపరిశీలనకు పంపుతుంది. న్యాయస్థానం ఆదేశాన్ని ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘిస్తే 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం వర్తిస్తుంది.

ఆమోదం ప్రజాధనానికి కాపలాగా పుట్టినది, ఆ కాపలా నేటికీ అవసరమే. కానీ ఉద్యోగి పని చేసిన కాలానికి జవాబు ఇవ్వకపోవడం కాపలా అనిపించుకోదు. అర్హత ఉంటే ఆమోదించాలి, లేకుంటే కారణం రాసి తిరస్కరించాలి; ఇందుకు గడువును న్యాయస్థానం ఒక్కొక్క ఫైలుకూ విడిగా విధించే అవసరం లేకుండా, నియమావళే అందరికీ ఒకేసారి విధించి కచ్చితంగా అమలు చేయాలి.